జనంలో ఒక ఖాళీ

మా బావ వృత్తి జనం. వినడానికి తిక్కగా ఉంటుంది గానీ, ఇంతకన్నా సూటిగా చెప్పడం నాకు చేతకాదు. సినిమాల్లో కోట ముందు వేలమంది కేకలు వేస్తుంటారే, ఓడ మునుగుతుంటే రేవంతా కిక్కిరిసిపోతుందే, ఆ వేలమందినీ మా బావ కర్టెన్లు మూసిన గదిలో కంప్యూటర్ ముందు కూర్చుని పుట్టించేవాడు. నిజంగా కెమెరా ముందు నడిచేది పాతికమందో ముప్ఫైమందో. వాళ్ళే చొక్కా రంగు మార్చుకుని, టోపీ పెట్టుకుని, కాస్త వెనక్కి జరిగి, మళ్ళీ మళ్ళీ వచ్చి వేలమంది అయ్యేవాళ్ళు. అందుకని స్టూడియోలో బావని అందరూ జనం గారు అనేవాళ్ళు. ఇంటికి ఫోన్ చేసినా "జనం గారున్నారా?" అనే అడిగేవాళ్ళు. "ఉన్నారండీ, ఒక్కరే ఉన్నారు" అనేది మా అక్క.

నాది కళ్ళజోళ్ళ షాపు. పొద్దుటి నుంచి సాయంత్రం దాకా మనుషుల్ని కుర్చీలో కూర్చోబెట్టి, ఏ అక్షరం కనిపిస్తోంది, ఏది మసకగా ఉంది అని అడగడం నా పని. బావ ఉద్యోగమంతా మనిషి కన్ను ఎక్కడ నిలుస్తుంది, ఎక్కడ నిలవదు అన్నదాని మీదే నడిచింది కాబట్టి, అతని కథ చెప్పడానికి నేను మరీ పనికిరానివాణ్ణి కాదు. పైగా అతను మా అక్క మొగుడు. అతన్ని నాలుగు మాటలనే హక్కు వాళ్ళ పెళ్ళినాడే నాకు దఖలుపడింది.

వాళ్ళ స్టూడియో ఒకప్పుడు బిస్కెట్ల గోడౌను. వాన పడితే ఇప్పటికీ గోడల్లోంచి సన్నగా వెన్న వాసన వస్తుంది. ముందు గదుల్లో కంప్యూటర్లు, వెనకాల ఒక పెద్ద ఆకుపచ్చ గది. నేలా గోడా కలిసే చోట మూల కనిపించకుండా గుండ్రంగా మలిచి, కింది నుంచి పైదాకా ఒకటే పచ్చరంగు వేశారు. అందులో నిలబడితే గోడ చేతికందేంత దూరంలో ఉందో, మైలు దూరంలో ఉందో తెలియదు. మొదటిసారి వెళ్ళినప్పుడు నేను కళ్ళు తెరుచుకునే నిద్రలోకి జారినట్టయింది. అక్కడ మనిషి నడుస్తుంటే తీస్తారు. తర్వాత కంప్యూటర్ ఆ పచ్చనంతా తీసేసి మనిషిని మాత్రం ఉంచుతుంది. ఇక ఆ మనిషిని ఎక్కడ కావాలంటే అక్కడ నడిపించుకోవచ్చు, సముద్రం ఒడ్డునైనా, చంద్రుడి మీదైనా.

నడిచేవాళ్ళు ఎప్పుడూ తక్కువే పడేవాళ్ళు. అందుకని మా ఇంటికొచ్చిన చుట్టానికి ముందు మంచినీళ్ళు, తర్వాత నడక. టీ తాగీ తాగకముందే బావ వాళ్ళని స్టూడియోకి తోలుకుపోయేవాడు. మా మేనత్త చెప్పినా వినకుండా ఆకుపచ్చ స్కార్ఫ్ మెడకి చుట్టుకుని వెళ్ళింది. తెరమీద చూస్తే ఆవిడ తల వేరు, మొండెం వేరు, మధ్యలో మెడ లేదు. అయినా నడక మాత్రం ఠీవిగానే ఉంది. నన్నయితే ఎన్నిసార్లు నడిపించాడో లెక్కలేదు. ఒక యుద్ధం సినిమాలో నేను పారిపోతుంటే, వెనకాల నేనే తరుముతున్నాను. "ఒరేయ్, నీ మీద నువ్వే రాళ్ళేసుకుంటున్నావేంట్రా" అని థియేటర్‌లో మా అమ్మ గట్టిగానే అంది. ఆ తర్వాత కొన్నాళ్ళు వీధిలో నడుస్తుంటే, ఎదురుగా వస్తున్న గుంపులో ఎక్కడో నేను కూడా ఉంటానేమోనని వెతుక్కునేవాణ్ణి.

బావకి ఒకటే సూత్రం. "జనంలో ఎవరి మీదా కన్ను నిలవకూడదురా. నిలిచిందంటే అది జనం కాదు, మనిషి." వింటానికి బాగానే ఉంటుంది. ఆ సూత్రం వల్లే అతని కాపురంలో ఒక గది తలుపు మూసుకుపోయింది.

వాళ్ళ పెళ్ళయిన ఏడాది. బావకి మొదటి పెద్ద సినిమా. నది పొంగుతోందని ఊరు ఊరంతా ఖాళీ చేసి కొండదారి పట్టే సీను. ముందు వరసల్లో నడిచేవాళ్ళని బయటే, నిజం దారి మీదే తీశారు. ఆ రోజు మబ్బు పట్టింది. మనుషులు తక్కువయ్యారని బావ మా అక్కని కూడా రమ్మన్నాడు. అక్క అమ్మ అల్లిన పసుపుపచ్చ స్వెటర్ వేసుకుని వెళ్ళింది. అందరితోపాటు నడిచింది. నడుస్తూ నడుస్తూ ఒక్క క్షణం ఆగి, వెనక్కి తిరిగి చూసి, మళ్ళీ నడిచింది. అంతే.

ఎడిటింగ్ గదిలో చూసిన దర్శకుడు, "ఆ అమ్మాయి మీదకే కన్ను పోతోంది, హీరోయిన్ని ఎవడూ చూడడు. తీసెయ్" అన్నాడట. బావ ముందు స్వెటర్‌కి బూడిద రంగు వేసి చూపించాడు. "రంగు కాదయ్యా, ఆ తిరగడం" అన్నాడట దర్శకుడు. ఇక బావ కూర్చుని అక్కని తుడిచేశాడు. ఆ రోజుల్లో ఆ పని మొరటుగా ఉండేది. సినిమా అంటే వరసగా కదిలే బొమ్మలు కదా, ఒక్కో బొమ్మలో ఆమె చుట్టూ చేత్తో గీత గీసి, కత్తిరించి, ఆ చోటుని దారితోనూ పక్కవాళ్ళ భుజాలతోనూ పూడ్చుకుంటూ పోవాలి. వారాలు పట్టింది. అన్ని వారాలూ రోజూ ఇంటికొచ్చి, అక్క పెట్టింది తిని, అక్క పక్కన పడుకున్న మనిషి ఒక్క ముక్క చెప్పలేదు. చెప్పడానికి భయమేసిందని తర్వాతెప్పుడో నాతో అన్నాడు. నాకు ఇప్పటికీ ఒళ్ళు మండుతుంది.

సినిమా వచ్చింది. అక్క మామూలు హడావిడి చేసిందా. అమ్మని, మేనత్తని, నన్ను, పక్కింటావిడని, కుట్టుపని నేర్చుకునే చోట స్నేహితురాళ్ళని, ఒక వరస వరసంతా నింపేసింది. సీను వస్తుంటే "ఇదిగో, ఇప్పుడే, ఎడమ పక్క చూడండి" అని అందరి చేతులూ పట్టుకుని కుదిపింది. జనం వచ్చారు, వెళ్ళారు. ఎడమ పక్క ఎవరో ముసలాయన సంచీ మోసుకుపోయాడు. "నేను కళ్ళు ఆర్పానేమోనమ్మా" అంది పక్కింటావిడ, పాపం. అక్కకి అర్థమైంది. చీకట్లో తల తిప్పి బావ ముఖంలోకి చూసింది. బావ తెర వంకే చూస్తూ కూర్చున్నాడు.

అక్క పోట్లాడలేదు. పోట్లాడితే తేలిపోయేదే. ఇంట్లో ఎప్పట్లాగే నవ్వింది, ఎప్పట్లాగే వేళాకోళమాడింది. కానీ ఆ తర్వాత బావ పనిచేసిన ఒక్క సినిమాకీ రాలేదు. "మీరు చూసి రండి, నాకు పనుంది" అనేది. స్టూడియో గడప తొక్కలేదు. ఒకసారి నా షాపులో కూర్చుని ఫ్రేములు తుడుస్తూ, "తీసేసినందుకు కాదురా. ముందే చెప్పుంటే నవ్వేసి ఊరుకునేదాన్ని. అంతమందిని వెంటేసుకుని వెళ్ళనిచ్చారు చూడు" అంది. నాకు కళ్ళనీళ్ళు తిరిగాయి. అక్క మాత్రం ఫ్రేములు వరసగా సర్దుకుంటూ ఉండిపోయింది.

ఏళ్ళు గడిచాయి. బావ జుట్టు నెరిసింది, అతని జనం లక్షలకి చేరారు. కూతురు పెద్దదై ఉద్యోగంలో చేరింది. పెద్ద పెద్ద దర్శకులు అతని గదికి వచ్చి పక్కన కుర్చీ వేసుకుని కూర్చునేవాళ్ళు. గుంపు ఎటు కదలాలో, ఎక్కడ చీలాలో అతనే చెప్పేవాడు. కొన్ని సినిమాల్లో ఆ భాగాలన్నీ అతనే తీశాడు. అలా మెల్లిగా, ఎవరూ గమనించకుండానే, జనం గారు దర్శకత్వంలోకి నడిచొచ్చాడు. సొంత సినిమాకి నిర్మాత దొరికింది కూడా నా షాపులోనే. ఆవిడ పళ్ళ డాక్టరమ్మ. ప్రాక్టీసు మానేసి ఏం చేయాలో తోచక ఉన్న మనిషి. కళ్ళజోడు కోసం వచ్చి, బావ చెబుతున్న కథ విని, జోడు సంగతి మరిచిపోయింది.

కథ చిన్నది. ఒక ఊళ్ళో మనుషులంతా రోజూ పొద్దున్నే మంచులో వంతెన దాటి అవతలి ఒడ్డుకి వెళతారు. వంతెన దగ్గర గడియారాలు బాగుచేసే ఒకతను ఉంటాడు. ఎప్పుడో ఆ గుంపులో ఒక అమ్మాయి ఆగి వెనక్కి తిరిగి చూడడం చూశాడు. ఆ చూపు కోసం రోజూ అక్కడే కూర్చుంటాడు. సినిమా అంతా ఎదురుచూపే. ఆఖరి సీనులో మంచులోంచి జనం వస్తారు, వాళ్ళ మధ్య ఆమె వస్తుంది, ఆగుతుంది, తిరుగుతుంది. అక్కడితో అయిపోతుంది.

"ఆ అమ్మాయి ఎవరు బావా, కొత్త హీరోయినా?" అన్నాను.

"పాతమ్మాయేరా" అన్నాడు.

వంతెన కోసం అతను పడ్డ తిప్పలు అన్నీ ఇన్నీ కావు. ఎక్కడెక్కడో వంతెనలు చూశాడు. ఒకటి బాగుందని నేనంటే, పక్కన గట్టు ఎత్తు చాలదన్నాడు. ఇంకోటి ఎత్తు సరిపోతే, దారి వాలు ఎక్కువన్నాడు. ఎండ అసలు పనికిరాదన్నాడు. మంచూ మబ్బూ తప్ప ఇంకేం వద్దన్నాడు. నాకు చిరాకేసింది గానీ, కొత్త దర్శకుడి పైత్యంలే అని సరిపెట్టుకున్నాను.

షూటింగుకి నా షాపులోంచి ప్లాస్టిక్ తల ఒకటి అడిగి తీసుకెళ్ళాడు. కళ్ళజోళ్ళు తగిలించి అద్దాల్లో పెడతామే, అది. తెల్లవారుజామున నేనూ వెళ్ళాను. మంచు నది మీద నుంచి లేచి వంతెన అంచులు తినేసింది. ఎక్కడ నుంచి వస్తున్నారో, ఎక్కడికి పోతున్నారో తెలియని మనుషులు అందులోంచి పుట్టి అందులోనే కరిగిపోతున్నారు. మాటలు కూడా తడిసి దగ్గరలోనే పడిపోతున్నాయి. బావ ఒక కర్రకి ఆ తలని గుచ్చి వంతెన మధ్యలో నిలబెట్టాడు. "ఇక్కడ ఒక మనిషి ఆగింది అనుకోండి. తగలకండి. పక్కకి జరిగి వెళ్ళండి" అని అందరికీ చెప్పాడు. ఆ తర్వాత కర్ర ఎత్తు సరిచేయడానికి, తన అరచేతిని తన భుజానికి కొంచెం పైన, చెవికి కిందుగా ఆనించి చూసుకున్నాడు.

మా అక్క బావ పక్కన నిలబడితే సరిగ్గా అంతే వస్తుంది.

మర్నాడు మధ్యాహ్నం స్టూడియోకి వెళ్ళి నిలదీశాను. బావ కర్టెన్లు మూశాడు. తెర నల్లగా ఉంది. ఆ నలుపులో, కాళ్ళ కింద నేల లేకుండా, చుట్టూ ఎవరూ లేకుండా, మా అక్క నడిచొచ్చింది. పసుపుపచ్చ స్వెటర్. కొత్తగా పెళ్ళయిన ముఖం. నడుస్తూ నడుస్తూ ఆగి, వెనక్కి తిరిగి చూసి, మళ్ళీ నడిచి, చీకట్లోకి వెళ్ళిపోయింది. మళ్ళీ మొదటి నుంచి వచ్చింది. ఎంతసేపు చూశానో నాకు తెలియదు. ఈ అక్కని నేను మరిచిపోయానని అప్పుడు తెలిసింది.

తుడిచేయడానికి ఆ రోజుల్లో బొమ్మబొమ్మకీ ఆమె చుట్టూ గీత గీశాడు కదా. తీసేసిన ముక్కల్ని పారేయలేదు. ఒకదాని వెనక ఒకటి పేర్చి దాచుకున్నాడు. కంప్యూటర్లు మారినప్పుడల్లా, ముందు దాన్నే ఎక్కించుకున్నాడట. ఆమె మీద పడింది మబ్బు వెలుగు కాబట్టి సినిమా అంతా మంచు. అప్పటి కెమెరా ఎంత ఎత్తులో ఉందో అంత గట్టు కావాలి కాబట్టి అన్ని వంతెనలు. కొందరు సినిమా రాసుకుని మనిషిని వెతుక్కుంటారు. మా బావ ఒక మనిషి నడవడానికి చోటు కావాలని సినిమా రాసుకున్నాడు.

"అది నా వైపు చూసిన చూపురా. నేను కెమెరా పక్కనే నిలబడ్డాను, నన్ను దాటాక తిరిగింది" అన్నాడు. "మీ అక్క బాకీ తీర్చేస్తున్నాను. విడుదల రోజు తనకే తెలుస్తుంది."

అప్పటిదాకా కరిగిపోయి ఉన్న నాకు ఆ మాటతో చిర్రెత్తుకొచ్చింది. "అప్పుడు చెప్పకుండా తీసేశావు. ఇప్పుడు చెప్పకుండా పెడతావా? నీకు బుద్ధెప్పుడొస్తుంది బావా?"

బావ నీళ్ళు నమిలాడు. సంతోషపెడదామని, అదని, ఇదని. అతని తప్పు కూడా కాదేమో. రోజూ మనుషుల్ని పెట్టి తీసే చెయ్యి అది. అడగాలన్న సంగతే దానికి తట్టదు. సాయంత్రం దాకా ఆ చీకట్లోనే కూర్చుని, చివరికి నన్ను వెంటబెట్టుకుని ఇంటికి బయల్దేరాడు. ఒక్కడే వెళ్ళే ధైర్యం లేదు.

అక్క ఇస్త్రీ చేస్తోంది. బావ గుమ్మంలోనే నిలబడి మొత్తం చెప్పేశాడు, స్వెటర్‌తో సహా. అక్క చేతిలో ఇస్త్రీపెట్టె ఆగలేదు. చొక్కా కాలరు అయ్యింది, చేతులు అయ్యాయి, మడత పెట్టింది. స్విచ్ ఆపింది.

"ఎక్కడుంది అది?"

"స్టూడియోలో."

"పదండి."

దారిలో సన్నగా వాన మొదలైంది. అక్క స్టూడియోలోకి వచ్చి, ఆకుపచ్చ గది ముందు ఒక్క క్షణం ఆగి లోపలికి తొంగి చూసింది. "ఇంకా అలాగే ఉందే" అంది. వెన్న వాసన వస్తోందని అంది. బావ కుర్చీ జరిపి, ఆఖరి సీను వేశాడు.

నల్లటి తెర మీద చూసింది వేరు, ఇది వేరు. మంచులోంచి జనం వస్తున్నారు. మా అమ్మ వయసువాళ్ళు, పిల్లలు, గొడుగులు, సైకిళ్ళు. వాళ్ళ మధ్య చిన్న పసుపుపచ్చ చుక్క. దగ్గరకొచ్చేకొద్దీ స్వెటర్, ముఖం, కళ్ళు. దాటిపోతూ ఆమె ఆగింది. జనం అటూ ఇటూ చీలి, ఎవరి భుజమూ తగలకుండా పక్కకి జరిగి వెళుతున్నారు. ఆమె తిరిగి చూసింది. కాళ్ళ కింద మసకగా నీడ కూడా ఉంది. అది లేకపోతే మనిషి తేలిపోతున్నట్టుంటుందని బావ విడిగా గీశాడు. నిజం చెబుతున్నాను, అంత అందమైన దాన్ని నేను ఇంకెక్కడా చూడలేదు.

అక్క మళ్ళీ వేయమంది. మళ్ళీ వేశాడు. మూడోసారికి అక్క నవ్వింది.

"మీ వైపు చూశాననుకున్నారా?"

"కాదా?"

"కాదండీ. పాలు స్టవ్ మీద పెట్టి వచ్చానేమోనని అనుమానమొచ్చింది. వెనక్కి వెళ్ళనా వద్దా అని ఆగాను."

ఇన్నేళ్ళు ఒక చూపు పట్టుకుని బతికిన మనిషి ముఖం చూడాలి మీరు. "మరి, మాడిపోయాయా?" అన్నాడు.

"గిన్నె కూడా" అంది అక్క.

ఇద్దరూ నవ్వారు. పడీపడీ నవ్వారు. నేను గోడకి ఆనుకుని, ఇక గండం గట్టెక్కిందనుకున్నాను. నవ్వు ఆగాక అక్క కళ్ళు తుడుచుకుని, తెర మీద ఆగిపోయి ఉన్న ఆ పిల్ల వంక చాలాసేపు చూసింది.

"తీసెయ్యండి" అంది.

బావకి వినపడలేదనుకున్నాను. వినపడింది. "ఇది లేకపోతే సినిమా లేదు" అన్నాడు, మెల్లిగా. బతిమాలుతున్నట్టు కూడా కాదు, ఉన్నమాట చెబుతున్నట్టు.

"తెలుసు. బాగుంది కూడా. ఎంత బాగా పెట్టారో." అక్క చెయ్యి చాపి తెర మీద స్వెటర్ ఉన్నచోట వేలితో తాకింది. "ఆ పిల్ల నవ్వుకుంటూ ఊరందరినీ వెంటేసుకుని థియేటర్‌కి వెళుతుంది. దానికింకా ఏం తెలియదు. దాన్ని నలుగురి ముందూ పెట్టడం నాకిష్టం లేదు. అప్పుడు ఎవరో చెబితే తీశారు. ఇప్పుడు నేను చెబుతున్నాను, తీసెయ్యండి. ఒక్కసారైనా నేను చెబితే తీసినట్టు ఉండాలి."

"నువ్వే నొక్కుతావా?" అన్నాడు బావ. మీట చూపించాడు.

"మీరే. అప్పుడు తీసింది మీరేగా."

అప్పుడు వారాలు పట్టిన పనికి ఇప్పుడు వేలు ఒక్కసారి కదిపితే చాలు. ఆమె ఇప్పుడు పైన విడిగా పెట్టిన బొమ్మ, తీసేస్తే కింద వంతెన వంతెనలాగే ఉంటుంది. కానీ ఆ వేలు కదలడానికి ఎంతసేపు పట్టిందో. బావ చెంపల మీద నీళ్ళు కారిపోతున్నాయి, తుడుచుకోలేదు. అక్క తొందరపెట్టలేదు. అతని కుర్చీ వెనక నిలబడి భుజం మీద చెయ్యేసింది. అతను నొక్కాడు. పసుపుపచ్చ మాయమైంది. రాళ్ళ మీద నీడ మాత్రం మిగిలింది.

"అది కూడా" అంది అక్క.

అదీ తీసేశాడు.

తర్వాత రోజుల్లో బావ దగ్గర పనిచేసేవాళ్ళు ఆ ఖాళీని పూడ్చేద్దామన్నారు. నలుగురిని అటు జరిపితే చాలు, ఎవరూ లేరన్న సంగతే తెలియదన్నారు. అది బావ నేర్పిన పనే. బావ వద్దన్నాడు. ఎందుకని అడిగితే, "అక్కడ నాకు చెయ్యాడదు" అన్నాడు. ఇక డాక్టరమ్మకి ఏమని చెప్పాలో అని మేమందరం బిక్కుబిక్కుమంటూ ఉన్నాం. ఆవిడ వచ్చి, కొత్త కళ్ళజోడు సర్దుకుని చూసింది. మళ్ళీ చూసింది. "పన్ను పీకాక పేషెంట్లందరూ ఒకటే చెబుతారు, నాలుక అక్కడికే పోతోంది డాక్టర్ అని" అంది. "అలాగే ఉంచండి."

సినిమా విడుదలైన రోజు బావ నాకోసం షాపు ముందు నిలబడ్డాడు. పక్కన అక్క ఉంది. "నేనూ వస్తాను" అంది, ఏదో కూరగాయలకి వస్తానన్నంత మామూలుగా. చుట్టాలెవర్నీ పిలవలేదు. ముగ్గురమే వెళ్ళాం. ఒక పక్క బావ, మధ్యలో అక్క, అక్కకి అవతల ఎవరో తెలియనావిడ పెద్ద సంచీ తనకీ అక్కకీ మధ్య ఇరికించుకుని కూర్చుంది. నేను వెనక వరసలో పడ్డాను.

ఆఖరి సీను వచ్చింది. గడియారాలతను భూతద్దం కంటి నుంచి తీసి తలెత్తాడు. మంచులోంచి జనం వచ్చారు. గొడుగులు, సైకిళ్ళు, పిల్లలు. వంతెన మధ్యకి రాగానే ఒకరి తర్వాత ఒకరు, మాట్లాడుకుంటూనే, ఎవరికో దారి ఇస్తున్నట్టు అటూ ఇటూ జరిగారు. అక్కడ ఎవరూ లేరు. తడి రాళ్ళున్నాయి, కొంచెం మంచుంది. ఒక పిల్ల తల్లి చెయ్యి పట్టుకుని ఆ చోటుని చుట్టి వెళ్ళింది. థియేటర్‌లో ఎవరూ దగ్గలేదు. అన్ని కళ్ళూ అక్కడే నిలిచాయి. నా వృత్తి మీద ఒట్టు, ఒక్కరు కూడా పక్కకి చూడలేదు.

ఒక్కడు తప్ప. బావ తెర వంక చూడడంలేదు. తల తిప్పి అక్క వంకే చూస్తున్నాడు.

అవతలి పక్కావిడ ఉండబట్టలేక అక్క వైపు వంగింది. "ఎవరికోసమండీ, వాళ్ళంతా అలా జరుగుతున్నారు?"

"నాకోసమండీ" అంది అక్క.

ఆవిడ అక్క ముఖంలోకి ఒకసారి చూసింది. మధ్యలో ఇరికించుకున్న సంచీ తీసి ఒళ్ళో పెట్టుకుని, కాస్త అటు జరిగి కూర్చుంది.